కిరీటం ఒకటి, ఒప్పందాలు రెండు: ఒక జాతీయ అందాల పోటీ నిర్వాహకురాలి కేసు

వృత్తిరీత్యా నేను న్యాయవాదిని. వినోదరంగంలోని ఒప్పందాలు రాయడం, అవి చెడినప్పుడు సర్దడం నా పనిలో పెద్ద భాగం. ఇక్కడ రాస్తున్నది ఒక జాతీయస్థాయి అందాల పోటీ నిర్వాహకురాలి కేసు. ఆమె అనుమతితోనే రాస్తున్నాను. ఆమె పేరు, పోటీ పేరు, సంబంధిత రాష్ట్రాలు వదిలేశాను. డబ్బు అంకెలను నిష్పత్తి చెడకుండా మార్చాను. ఈ కేసులో మొదటి తప్పటడుగు ఆమెది కాదు, నాది. రాయడానికి అదే ముఖ్య కారణం.

నేపథ్యం

ఆమె కోస్తాలోని ఒక చిన్న పట్టణంలో పుట్టారు. 1994లో సుస్మితా సేన్ మనీలాలో మిస్ యూనివర్స్‌గా, ఆరు నెలలకు ఐశ్వర్యా రాయ్ దక్షిణాఫ్రికాలోని సన్ సిటీలో మిస్ వరల్డ్‌గా గెలిచినప్పుడు ఆమె ఇంటర్మీడియట్ చదువుతున్నారు. 1966లో రీటా ఫారియా మిస్ వరల్డ్ అయిన సంగతి అప్పటిదాకా క్విజ్ పుస్తకంలో ఒక ప్రశ్న మాత్రమే. 1994 తర్వాత అందాల పోటీ అనేది కొన్ని ఇళ్లలో పిల్లల భవిష్యత్తు గురించి మాట్లాడుకునేటప్పుడు ప్రస్తావనకు రాగలిగే దారి అయింది. ఆమె ఇంట్లో మాత్రం కాలేదు. డిగ్రీకి హైదరాబాద్ వచ్చి, ఇంట్లో చెప్పకుండా ఒక నగరస్థాయి పోటీలో పాల్గొని, ఫైనల్ దాకా వెళ్లి, ఏ స్థానమూ రాకుండా హాస్టల్‌కు తిరిగివచ్చారు. ఆ రాత్రి కట్టుకున్న చీర అద్దెదనీ, చెప్పులు స్నేహితురాలివనీ, ఓడిన పన్నెండు మందితో నిర్వాహకులెవరూ ఒక్క మాటయినా మాట్లాడలేదనీ ఆమె ఇప్పటికీ చెబుతారు.

తర్వాత పదిహేనేళ్లు ఆమె ర్యాంప్ కొరియోగ్రఫీ చేశారు: కాలేజీల ఫ్రెషర్స్ డేలు, నగల దుకాణాల ప్రారంభోత్సవాలు, చీరల ప్రదర్శనలు. ఆ పరిచయాలతో మొదట వేరొకరి పోటీకి రాష్ట్ర డైరెక్టర్ అయ్యారు. ఆపైన ఒక విదేశీ పోటీకి భారతదేశపు లైసెన్సు తెచ్చుకుని నేషనల్ డైరెక్టర్ అయ్యారు. లైసెన్సు ఏడాదికోసారి పునరుద్ధరించుకోవలసినది.

ఈ వ్యాపారం ఎలా నడుస్తుందో తెలియనివారికి ఒక మాట. అంతర్జాతీయ పోటీ యజమానులు ఒక్కో దేశానికి ఒక్కో లైసెన్సు ఇస్తారు. లైసెన్సుదారు ఏటా రుసుము కట్టి, జాతీయ పోటీ పెట్టి, విజేతను తన ఖర్చుతో అంతర్జాతీయ ఫైనల్‌కు పంపాలి. విమాన టికెట్లు, దుస్తులు, జాతీయ వేషధారణ, శిక్షణ అన్నీ ఆ ఖర్చులోనివే. ఆ భారంలో కొంత రాష్ట్ర డైరెక్టర్ల మీదికి, వారి నుంచి పోటీదారుల మీదికి దిగుతుంది. పైగా లైసెన్సు ఎవరికీ శాశ్వతం కాదు. మిస్ యూనివర్స్‌కు భారత ప్రతినిధిని పంపే హక్కు దశాబ్దాలపాటు ఫెమినా పత్రిక చేతిలో ఉండి, 2010లో సుస్మితా సేన్ నడిపిన వేదికకు మారి, 2013లో తిరిగి ఫెమినా వర్గానికి వచ్చి, 2024లో మరో సంస్థకు వెళ్లింది. పెద్దవాళ్ల పరిస్థితే అలా ఉన్నప్పుడు చిన్న లైసెన్సుదారు ఎంత భయంతో బతుకుతారో ఊహించవచ్చు. ఆ భయం ఈ కేసులో ప్రతి నిర్ణయం వెనకా ఉంది.

ఆమె తెచ్చిన సమస్య

ఆమె నా దగ్గరకు వచ్చింది ఒక్క ఫిర్యాదుతో. ఆ ఏటి విజేత, ఇరవై రెండేళ్ల అమ్మాయి, అంతర్జాతీయ ఫైనల్ నుంచి ఏ స్థానమూ లేకుండా తిరిగివచ్చిన నాలుగు నెలలకు ఒక వెబ్ సిరీస్‌లో నటించడానికి ఒప్పుకుంది. ఒప్పందం ప్రకారం మూడేళ్లపాటు ఆమె పనులన్నీ నిర్వాహకురాలి ద్వారానే జరగాలి. ఆదాయంలో ముప్పై శాతం సంస్థకు చెందాలి. ఉల్లంఘిస్తే పాతిక లక్షలు చెల్లించాలి. అదే నెలలో టైటిల్ స్పాన్సర్‌కు ఆరు రోజుల హాజరు బాకీ ఉంది. అమ్మాయి ఫోన్ ఎత్తడం మానేసింది.

“నేను కన్నకూతురిలా చూసుకున్నానండీ లాయర్ గారూ. నోటీసు పంపండి, దారికి వస్తుంది,” అన్నారు ఆమె.

ఒప్పందం చదివాను. అది ఎవరో మగ మోడల్ కోసం రాసిన పత్రానికి నకలు. పేర్లు మార్చారు గానీ, మీసకట్టు మార్చుకోవాలంటే సంస్థ ముందస్తు అనుమతి తీసుకోవాలన్న షరతు పదకొండో పేరాలో అలాగే ఉండిపోయింది. మూడేళ్లపాటు పెళ్లి చేసుకోకూడదన్న షరతు కూడా ఉంది. మిస్ యూనివర్స్ 2023 పోటీ నుంచి పెళ్లయినవారికీ తల్లులకూ తలుపు తెరిచింది. ఆ మరుసటి ఏడాది నుంచి గరిష్ఠ వయోపరిమితినీ ఎత్తేసింది. పోటీలో పాల్గొనడానికి అర్హతలు పెట్టడం వేరు, గెలిచిన మనిషి జీవితానికి మూడేళ్ల తాళం వేయడం వేరు.

నా తప్పు

అయినా నోటీసు పంపాను. నా ఆలోచన ఇది. భారత ఒప్పందాల చట్టం, 1872లోని 27వ సెక్షన్ వృత్తిని అడ్డుకునే ఒప్పందం చెల్లదంటుంది. కానీ ఆ అడ్డంకి ఒప్పంద కాలం లోపలిదే అయితే సాధారణంగా ఆ సెక్షన్ వర్తించదని గుజరాత్ బాట్లింగ్ కేసులో సుప్రీంకోర్టు 1995లోనే చెప్పింది. క్రికెటర్ జహీర్ ఖాన్‌పై పర్సెప్ట్ సంస్థ వేసిన కేసులో 2006లో కొట్టివేసింది ఒప్పందం ముగిసిన తర్వాత వర్తించే షరతును. మనది మొదటి ఏడాదే. నిర్దిష్ట ఉపశమన చట్టంలోని 14వ సెక్షన్ ప్రకారం వ్యక్తిగత ప్రతిభ మీద ఆధారపడిన పనిని కోర్టు బలవంతాన చేయించదు, నిజమే. అయితే 42వ సెక్షన్ కింద ‘వేరొకరికి చేయను’ అన్న హామీని మాత్రం నిలబెట్టమని అడగవచ్చు. కాగితం మీద ఇదంతా పొందికగా ఉంది.

పది రోజుల్లో వచ్చిన జవాబు ఆ పొందికను చెదరగొట్టింది. ఏకమధ్యవర్తిని, అంటే కోర్టు బయట వివాదం తేల్చే ఒకే ఒక్క వ్యక్తిని, నియమించే హక్కు పూర్తిగా సంస్థదేనని మా ఒప్పందంలో ఉంది. వివాద ఫలితంలో ఆసక్తి ఉన్న పక్షం అలా ఏకపక్షంగా నియమించరాదని పెర్కిన్స్ ఈస్ట్‌మన్ కేసులో సుప్రీంకోర్టు 2019లో తేల్చింది. పాతిక లక్షల మాటకు 74వ సెక్షన్ ఎదురు వచ్చింది: ఒప్పందంలో రాసుకున్న అంకె గరిష్ఠ పరిమితి మాత్రమే, కోర్టు ఇచ్చేది సమంజసమైన పరిహారం. మాకు జరిగిన నష్టమెంతో చూపించే కాగితం ఒక్కటీ నా దగ్గర లేదు. ఇవి నేను ముందే ఊహించవలసినవి. ఊహించలేనిది జవాబుకు జతచేసిన పన్నెండు రసీదులు. అవి ఆ అమ్మాయివి కావు. ఆమెతో పాటు శిబిరంలో ఉన్న ఇద్దరు పోటీదారులవి. ‘వైల్డ్ కార్డ్’ ప్రవేశానికీ, ‘బెస్ట్ స్మైల్’ వంటి ఉపశీర్షికలకూ ఒక రాష్ట్ర డైరెక్టర్ నగదు తీసుకుని పోటీ లెటర్‌హెడ్ మీద ఇచ్చిన రసీదులు.

వారం తిరిగేలోగా నోటీసు మొదటి పేజీ సామాజిక మాధ్యమాల్లోకి ఎక్కింది. స్పాన్సర్ చివరి విడత చెల్లింపు ఆపారు. నేను రాసిన వాక్యాన్నే ఎరుపు రంగు గీతతో అండర్‌లైన్ చేసి వేలమంది పంచుకోవడం చూస్తూ కూర్చోవడం మంచి అనుభవం కాదు.

అప్పుడు నిర్వాహకురాలు కిరీటం వెనక్కి తీసుకుని మొదటి రన్నరప్‌కు ఇద్దామన్నారు. ఒప్పందంలో దానికి అవకాశం ఉంది. నేను వద్దన్న కారణాలు రెండు. ‘అనుచిత ప్రవర్తన’ అన్న నిబంధన కింద తీయాలి. ఒక పని ఒప్పుకోవడం అనుచిత ప్రవర్తన ఎలా అవుతుందో విదేశీ యజమానులకు వివరించాలి. రెండోది, కిరీటం తీసేస్తే ఆ అమ్మాయికి మాతో సర్దుకోవలసిన అవసరం ఇక మిగలదు. ఆమె నా మాట పక్కనపెట్టి రన్నరప్ ఇంటికి ఫోన్ చేశారు. ఆ అమ్మాయి తండ్రి మర్యాదగానే మాట్లాడి, కిరీటం సంగతి తర్వాత, ముందు ఒప్పందం కాపీ పంపండి, మా వకీలుకు చూపిస్తాం అన్నారట. ఆ ప్రస్తావన అక్కడితో ఆగిపోయింది.

లెడ్జరులో కనిపించినది

ఇక చేసేదేమీ తోచక, మొదటి రోజే అడగవలసినది అప్పుడు అడిగాను: మూడేళ్ల జమాఖర్చులు. ఆమె ఆడిటరుతో రెండు సాయంత్రాలు కూర్చున్నాం. సంస్థకు వచ్చే ప్రతి వంద రూపాయల్లో సుమారు డెబ్బై పోటీదారుల రిజిస్ట్రేషన్, శిక్షణ రుసుములు, రాష్ట్ర లైసెన్సులు, డబ్బు కట్టి వేసే ఆన్‌లైన్ ఓట్ల నుంచి వస్తున్నాయి. స్పాన్సర్ల పేరుతో తెరమీద కనిపించే లోగోల్లో ఎక్కువ భాగం బార్టర్, అంటే డబ్బుకు బదులు ఇచ్చేవి: హోటల్ గదులు, దుస్తులు, మేకప్ కిట్లు. నగదు ఇచ్చేది ఒక్కరే, అదీ ఆలస్యంగా. టికెట్ల ఆదాయం లెక్కలోకి రానంత తక్కువ. ప్రతి ఏడాది లోటును ఆమె ముందు నగలు పెట్టి, తర్వాత ఫ్లాటు తాకట్టు పెట్టి పూడ్చారు. పెద్ద పోటీలకే ఈ నష్టం తప్పలేదు. 1996లో బెంగళూరులో మిస్ వరల్డ్ నిర్వహించిన అమితాబ్ బచ్చన్ సంస్థ ఏబీసీఎల్ ఆర్థిక కష్టాల గురించి ఈ రంగంలోని వారందరికీ తెలుసు.

మూడేళ్ల షరతు ఎక్కడి నుంచి వచ్చిందో అప్పుడు అర్థమైంది. అది దురాశ కాదు. రాబోయే ఆదాయమంటూ అప్పిచ్చేవారికి చూపించడానికి ఆమె దగ్గరున్నది విజేతలపై ఉన్న ఆ హక్కొక్కటే. నిజానికి గత ముగ్గురు విజేతల మీద వచ్చిన కమీషన్ అంతా కలిపినా ఒక ఏడాది దుస్తుల ఖర్చు కాదు. రాబడి ఇవ్వని హక్కు కోసం ఆమె పోరాడుతున్నారు. రాబడి ఇస్తున్న చోట, అంటే పోటీదారులు కడుతున్న రుసుముల దగ్గర, కాగితమే లేదు. విజేతతో గొడవ ఎలా ముగిసినా ఆ రసీదులు ముగియవు. ఆ రోజు నుంచి కేసు పేరు నా ఫైలులో మార్చుకున్నాను.

రాష్ట్ర డైరెక్టర్ తీసుకున్న నగదు గురించి అడిగితే ఆమె, “ఆ డబ్బు నా కళ్లతో కూడా చూడలేదండీ,” అన్నారు. నిజమే అయి ఉంటుంది. కానీ ఒప్పందాల చట్టంలోని 237వ సెక్షన్ ప్రకారం, ఏజెంటుకు అధికారముందని ఇతరులు నమ్మేలా యజమాని తన మాటల ద్వారా గానీ నడవడి ద్వారా గానీ చేస్తే, ఆ పనులకు యజమాని బాధ్యత తప్పదు. లెటర్‌హెడ్ వాడనిచ్చారు, వేదిక మీద పక్కన కూర్చోబెట్టి సన్మానించారు, పోటీ పేజీలో ఆ వ్యక్తి ఫొటో పెట్టారు. ఇంతకన్నా నడవడి ఏం కావాలి? పైగా ఆ నగదు మీద 18 శాతం జీఎస్‌టీ ఎవరూ కట్టలేదు.

మూడో విషయం శిబిరంలో ఒక ఫొటోగ్రాఫర్ ప్రవర్తన మీద నోటిమాటగా వచ్చిన ఫిర్యాదు. దాని వివరాలు నేను రాయను. పని ప్రదేశంలో లైంగిక వేధింపుల నిరోధక చట్టం, 2013లోని 16వ సెక్షన్ గోప్యతను కోరుతుంది. నిర్ణయానికి దారితీసిన తర్కం మాత్రం చెప్పవచ్చు. సంస్థలో జీతగాళ్లు ఆరుగురే కాబట్టి ఇలాంటి ఫిర్యాదులు విచారించే అంతర్గత కమిటీ అక్కర్లేదని ఆమెకు ఎవరో చెప్పారు. చట్టంలో ఉద్యోగి అంటే రోజుకూలీ, కాంట్రాక్టు, జీతం లేని స్వచ్ఛంద సేవకులు కూడా. శిబిరం నడిచే రోజుల్లో మేకప్ వాళ్లు, డ్యాన్సర్లు, వలంటీర్లు కలిస్తే, కమిటీ తప్పనిసరయ్యే పదిమంది కావడానికి ఎంతసేపు? బాధిత మహిళ అక్కడి ఉద్యోగి కానవసరం లేదు కనుక పోటీదారులూ ఆ రక్షణలోకి వస్తారు. 2023 ఆగస్టులో ఇండోనేషియాలో పోటీదారులు శరీర తనిఖీల మీద పోలీసులకు ఫిర్యాదు చేయగా మిస్ యూనివర్స్ సంస్థ అక్కడి లైసెన్సుదారుతో తెగతెంపులు చేసుకుంది. ఆ ఏటి మలేషియా పోటీ లైసెన్సు కూడా వాళ్ల చేతుల్లోనే ఉండటంతో దాన్నీ రద్దు చేసింది. ఆ వార్త చూపించాకే ఆమె ఈ విషయాన్ని మిగతా రెండింటికన్నా ముందు పెట్టడానికి ఒప్పుకున్నారు. లైసెన్సు పోతుందన్న భయం కేసు మొత్తంలో మంచికి ఉపయోగపడింది అక్కడొక్కచోటే. బయటి సభ్యురాలితో కమిటీ వేసి, చట్టం చెప్పిన తొంభై రోజుల్లో విచారణ పూర్తిచేశారు.

నిలబడిన పనులు

విజేతతో రాజీ ఆ అమ్మాయి ఇంట్లో, వాళ్ల అమ్మగారి సమక్షంలో జరిగింది. వకీళ్ల ఆఫీసులో వద్దని నేనే చెప్పాను. నోటీసు పంపిన చేత్తో అక్కడ కాఫీ ఇస్తే ఎవరూ తాగరు. నిర్వాహకురాలు మళ్లీ కూతురి మాట ఎత్తగానే ఆ తల్లి గట్టిగా అనలేదు గానీ, “మా అమ్మాయిని కూతురన్నారు కదమ్మా. కూతురి చేత పాతిక లక్షలకు కాగితం రాయించుకుంటామా?” అన్నారు. చాలాసేపు ఎవరం మాట్లాడలేదు. నా పత్రాల్లో ఏదీ చేయలేని పని ఆ ప్రశ్న చేసింది. నిర్వాహకురాలికి కోపం రాలేదు. అద్దె చీర సంగతి, ఆ రాత్రి హాస్టల్ సంగతి ఆ తల్లికి చెప్పడం మొదలుపెట్టారు.

ఆ సాయంత్రం కుదిరింది ఇది. కిరీటపు ఏడాదికి సంబంధించిన బాధ్యతలను విడిగా, వృత్తి నిర్వహణను విడిగా రాశాం. మొదటిదానిలో హాజరు రోజులకు గరిష్ఠ సంఖ్య, ప్రతి రోజుకూ ప్రయాణం, బస, తోడు వచ్చేవారి ఖర్చు. రెండోది పూర్తిగా ఐచ్ఛికం. గెలిచిన రెండు నెలల లోపల దాని మీద సంతకం తీసుకోకూడదు, తీసుకునేటప్పుడు అమ్మాయి తరఫున వేరే న్యాయవాది ఉండాలి. వెబ్ సిరీస్‌కు అనుమతి, ఆ ఒక్క పని మీద పది శాతం కమీషన్. స్పాన్సర్ ఆరు రోజుల్లో నాలుగు రోజులకు అమ్మాయి వెళ్లింది. మిగిలిన రెండు రోజులకు రన్నరప్ వెళ్లేందుకు స్పాన్సర్ ఒప్పుకున్నారు.

రెండు నెలల గడువు ఎందుకని ఆమె అడిగారు. కిరీటం పెట్టిన రాత్రి తెల్లవారుజామున మూడింటికి, మేకప్ కూడా తీయకుండా పెట్టిన సంతకాన్ని స్వేచ్ఛగా పెట్టిందని రేపు కోర్టులో వాదించవలసింది నేను. ఆ వాదన నాకు ఇష్టం లేదు.

రసీదుల విషయంలో నేను ఇచ్చిన సలహా ఆమెకు అన్నిటికన్నా ఖరీదైంది: ముందు తిరిగి చెల్లించండి, తర్వాత రాష్ట్ర డైరెక్టర్ మీద వసూలు దావా వేయండి. ముందు దావా వేసి, అది తేలాక చెల్లిద్దామన్నది ఆడిటరు మాట. లెక్కల పరంగా ఆయనదే సరి. కానీ ఆ కుటుంబాలు పోలీసు ఫిర్యాదుకు వెళితే కేసు మొత్తం మోసం నేరం వైపు తిరుగుతుంది. అప్పుడు కట్టే డబ్బు భయపడి కట్టినట్టే ఉంటుంది. చెల్లించాక చేతిలో ఏమీ మిగల్లేదు. ఆ ఏడాది జాతీయ పోటీ పెట్టకుండా, పాత ఫైనలిస్టుల్లో ఒకరిని నేరుగా ప్రతినిధిగా నియమించాలని నిర్ణయించాం. చాలా దేశాల్లో చేసే పనే అయినా అభిమానులు తిట్టారు. విదేశీ యజమానులు ఒక ఏడాదికి ఒప్పుకుని, మరుసటి ఏడాది వేదిక మీద పోటీ పెడతామన్న హామీ రాయించుకున్నారు.

మరుసటి ఏటికి రుసుములన్నీ ఒకే బ్యాంకు ఖాతాకు, నగదు లేకుండా, రసీదు మీదనే వాపసు నిబంధనలతో. డబ్బు కట్టి వేసే ఓట్లు తీసేశారు. న్యాయనిర్ణేతల మార్కుల పత్రాలు అంతకుముందు ఫైనల్ రాత్రే చించేసేవారు; ఇప్పుడు ఆడిటరు సంతకంతో ఏడాదిపాటు ఉంచుతున్నారు. దరఖాస్తు నాటికి పద్దెనిమిది నిండనివారిని తీసుకోవడం ఆపేశారు. మైనరు సంతకానికి విలువ లేదన్నది 1903 నుంచీ స్థిరపడిన న్యాయమే.

దీనివల్ల ఆదాయం మూడో వంతుకు పైగా తగ్గింది. ఇద్దరు రాష్ట్ర డైరెక్టర్లు వెళ్లిపోయారు. 2025 మేలో 108 మంది పోటీదారులతో మిస్ వరల్డ్ హైదరాబాద్‌కు వచ్చి, 31న హైటెక్స్‌లో థాయ్‌లాండ్‌కు చెందిన ఓపల్ సుచాత కిరీటం అందుకున్నాక, నగరంలో ఈ పోటీల మీద కొత్త ఆసక్తి కనిపించింది. వెళ్లిపోయినవారిలో ఒకరు దాదాపు అదే పేరుతో సొంత పోటీ ప్రకటించారు. మా కక్షిదారు తన భారతీయ శీర్షికను ట్రేడ్‌మార్కుల 41వ తరగతి (వినోద సేవలు) కింద నమోదు చేసుకోలేదు. ఆ దరఖాస్తు ఇప్పుడు పెట్టాం. ముందే పెట్టించకపోవడం కూడా నా ఖాతాలోనే రాసుకున్నాను.

ఇప్పటి స్థితి

ఈ కేసు తర్వాత నా పద్ధతిలో మారింది ఒక్కటే. ఒప్పందం ఉల్లంఘించారని ఎవరు వచ్చినా, ఒప్పందం చదివే ముందు లెడ్జరు అడుగుతున్నాను. కొందరికి ఇది వింతగా తోస్తుంది. ఇద్దరు వేరే న్యాయవాది దగ్గరకు వెళ్లిపోయారు కూడా.

రాష్ట్ర డైరెక్టర్ మీద వసూలు దావా ఇంకా నడుస్తోంది. నగదు కాబట్టి రుజువు కష్టం, మొత్తం వస్తుందన్న ఆశ నాకు లేదు. ఫ్లాటు తాకట్టులోనే ఉంది. పోయిన నెల ఆమె కొత్త దరఖాస్తు ఫారం సరిచూడమని తెచ్చారు. పదకొండో పేరా ఖాళీగా వదిలి ఉంది. అక్కడ ఆమె పెన్సిలుతో, ఫైనల్ రాత్రి స్థానం రాని ప్రతి పోటీదారుతోనూ డైరెక్టరు స్వయంగా మాట్లాడాలని రాశారు. అది ఒప్పందంలో ఉండదగ్గ షరతు కాదు, ఉల్లంఘిస్తే పరిహారమేమిటో తేల్చలేమని చెప్పాను. ఉండనివ్వమన్నారు. ఉంచాను.